పసుపుతో కడిగిన హామ్

“ఆంటీ, ఈ తాండ్ర ఉప్పగా ఉందేంటి?”

ఆ మాట వినపడేటప్పటికి నేను సింకు ముందు నిలబడి, గోళ్ళ సందుల్లో ఇరుక్కున్న పసుపునీ జిడ్డునీ పాత టూత్‌బ్రష్‌తో తోముకుంటున్నాను. మొదట మామూలు మాటలాగే చెవిన పడింది. పిల్లలు ఏదో తింటున్నారు, తిననీ అనుకున్నాను. బ్రష్ ఇంకా చేతిలో కదులుతుండగానే గుర్తొచ్చింది. మా ఇంట్లో తాండ్ర లేదు. మా అమ్మ పంపిన తాండ్ర అయిపోయి మూడు వారాలు దాటింది.

కుళాయి కట్టకుండానే వెనక్కి తిరిగాను. మా వెనక వరసలో ఉండే స్నేహితురాలి కూతురు, ఆరేళ్ళది, డైనింగ్ టేబుల్ కుర్చీలో మోకాళ్ళ మీద కూర్చుని ఉంది. పక్కన నా కూతురు, ఐదేళ్ళది. ఇద్దరి మధ్యా నేను పొద్దుటి నుంచీ తంటాలు పడి తయారుచేసిన పళ్ళెం. ఆ పిల్ల చేతిలో సగం కొరికిన కర్బూజా ముక్క, దాని చుట్టూ పల్చటి పసుపుపచ్చ పొర. ఆ పొర తన పళ్ళ దగ్గర నుంచి దారంలా సాగింది, తెగింది. చివర బయట వేలాడుతున్న ముక్కని వేలితో లోపలికి తోసుకుని నమిలింది.

అది తాండ్ర కాదు. పంది మాంసం. ఆ పిల్ల పుట్టిన దగ్గర నుంచీ గుడ్డు వేసిన కేకు కూడా ముట్టలేదు.

ఇది రాస్తుంటే కూడా నాకు నోట్లో నీళ్ళూరుతున్నాయి. ఆకలితో ఊరే నీళ్ళు కావవి, వాంతికి ముందు ఊరేవి. అయినా మొదటి నుంచీ చెప్పాలి, లేకపోతే ఆ మాంసం పసుపు రంగులో ఎందుకుందో ఎవరికీ అర్థం కాదు.

మేముండేది అమెరికాలో, మోరిస్‌విల్‌లో, ఒకదానికొకటి అతుక్కున్న టౌన్‌హోమ్స్‌లో. ప్రతి ఏడూ బడికి వేసవి సెలవులిచ్చే ముందు ఇక్కడివాళ్ళందరూ తలో వంటకం తెచ్చి పాట్‌లక్ పెట్టుకుంటారు. ఎవరేం తెస్తారో ముందుగా ఒక షీట్‌లో రాయాలి. మూడేళ్ళుగా నా పేరు పక్కన సమోసా అనే ఉంటోంది. మొదటి ఏడు నేను రాశాను. రెండో ఏడు నుంచి నన్నడగకుండా వాళ్ళే రాసేస్తున్నారు. ఈసారి షీట్ రాగానే త్వరపడి చూశాను. “ఫ్రూట్ అండ్ హామ్ బైట్స్” పక్కన ఒక ఖాళీ గడి కనపడింది. పండు కోయాలి, హామ్ అనే పంది మాంసం పొర చుట్టాలి, పుల్ల గుచ్చాలి. పొయ్యి వెలిగించే పని లేదు. నా పేరు పెట్టేశాను.

మా ఆయన చూసి, “నువ్వా? హామా?” అన్నాడు.

“ఏం, నేను చేయకూడదా?”

“చేయొచ్చు తల్లీ. పిజ్జా మీద పెప్పరోనీ ఉంటే పెట్టె మూసేదానివి కదా, అందుకని అడిగా.”

నిజమే. మేము చర్చికి వెళ్ళే కుటుంబం. కోడి, మేక, చేప, రొయ్య, పీత అన్నీ తిని పెరిగాను. గోదావరి పక్క మా ఊళ్ళో వర్షాకాలం వస్తే ఉప్పుచేప లేని రోజుండేది కాదు. కానీ పంది మా ఇంట్లోకి రాలేదు. మా బస్టాండు వెనక మురుగు కాలవలో పందులు పొర్లుతూ ఉండేవి. అవి ఏం తింటాయో స్కూలుకి నడిచి వెళ్ళే రోజుల్లో రోజూ కళ్ళారా చూశాను. ఇక్కడి పందులు అలా పెరగవని, వాటికి మొక్కజొన్న పెడతారని మా ఆయన వందసార్లు చెప్పాడు. బుర్రకి అర్థమైంది. కడుపుకి అర్థం కాలేదు.

అయినా కొన్నాను. శుక్రవారం సాయంత్రం పిల్లలతో షాపుకి వెళ్ళి ఒక చదునైన ప్యాకెట్, రెండు కర్బూజాలు తెచ్చాను. ప్యాకెట్ లోపల కండ ముదురు గులాబీ రంగులో, అంచున తెల్లటి కొవ్వుతో, దెబ్బ తగిలి ఊడిన చర్మంలా ఉంది. నా కొడుకు, ఎనిమిదేళ్ళవాడు, అది తిప్పి చూసి “మామ్, ఇది నిజంగా మనమే తింటామా?” అని అడిగాడు. మనం కాదు, పార్టీకి అని చెప్పాను.

శనివారం పొద్దున వీడియో చూశాను. ఒకావిడ తెల్లటి వంటింట్లో నవ్వుతూ కర్బూజా ముక్కలు కోసింది, ప్యాకెట్ విప్పింది, ఒక్కొక్క పొర తీసి ముక్కకి చుట్టింది, పుల్ల గుచ్చింది. అంతే. మళ్ళీ చూశాను, ఏదైనా వదిలేశానేమోనని. ఆవిడ దాన్ని ఉడికించలేదు, వేయించలేదు. కనీసం కడగలేదు.

ప్యాకెట్ కత్తిరించాను. వాసన కొట్టింది. ఉప్పుచేప వాసన నాకు కొత్త కాదు, అది దూరం నుంచి కేకేసినట్టు వస్తుంది. ఇది అలా కాదు. తియ్యగా, చెమటలా, తడి బట్టల మూటలా చాలా దగ్గరగా వచ్చి ముక్కులో కూర్చుంది. పొరకీ పొరకీ మధ్య కాగితం ఉంది. కాగితం లాగితే కొవ్వు దానికి అంటుకుని చిన్న చప్పుడు చేసింది, గాయం మీద పట్టీ ఊడదీసినప్పుడు వస్తుందే, అలాంటి చప్పుడు. వేళ్ళ మీద జిడ్డు మెరిసింది. ఉప్పులో ఊరబెట్టి నెలల తరబడి ఆరబెట్టారని ప్యాకెట్ మీద రాసి ఉంది. కానీ నా కంటికి అది పచ్చి మాంసం. పచ్చి మాంసం పిల్లలున్న ఇంట్లో పళ్ళెంలోకి ఎలా వెళుతుంది?

రుచి చూడకుండా పదిమందికి పెట్టకూడదని గోరంత ముక్క చింపి కర్బూజాతో నోట్లో వేసుకున్నాను. ఉప్పు ముందొచ్చింది, తర్వాత పండు తీపి. జామకాయ ఉప్పూకారంతో తిన్నట్టే ఉంది ఆ కలయిక. బాగుంది. బాగుండటమే నాకు ఇంకా రోత పుట్టించింది. నా నాలుక నన్నడగకుండా దాని పక్షం చేరిపోయినట్టనిపించి సింకులో ఉమ్మేశాను, మూడుసార్లు పుక్కిలించాను.

అప్పుడు నా చేతులు వాటికి తెలిసిన పని అవి చేసేశాయి. గిన్నెలో నీళ్ళు పోశాను, కల్లుప్పు వేశాను, రెండు చెంచాల పసుపు వేశాను, నిమ్మకాయ పిండాను. మా అమ్మ కోడినైనా చేపనైనా అలా కడగకుండా పొయ్యి ఎక్కించదు. నేనూ ఎక్కించను. ఇంట్లోకి వచ్చిన ఏ మాంసమైనా ముందు పసుపు నీళ్ళలో మునగాలి. పొరలన్నీ అందులో వేసి మెల్లగా కలిపాను.

రెండు నిమిషాల్లో అవి ఉబ్బి జారుడుగా అయ్యాయి. పట్టుకుంటే జారిపోతున్నాయి, గట్టిగా పట్టుకుంటే తెగిపోతున్నాయి. కొవ్వు నీళ్ళ మీద తెల్లగా తేలింది. కొవ్వులోకి పసుపు పట్టేసింది. గులాబీ రంగంతా పోయి, పండిన మామిడి రంగులోకి తిరిగింది. ఒక పొర తీగలా చుట్టుకుని సింకు జాలీలో ఇరుక్కుంటే వేళ్ళు పెట్టి లాగాను. అది తెగలేదు, సాగింది.

మా ఆయన కాఫీ కప్పు పెట్టడానికి వచ్చి గిన్నెలోకి చూశాడు. “ఏంటిది?”

“హామ్.”

“కడిగావా?” కప్పు చేతిలోనే పట్టుకుని ఆగిపోయాడు. “ఎవరైనా హామ్ కడుగుతారా? అది అలానే తినేది.”

“పచ్చి మాంసం కడక్కుండా పెట్టమంటావా పిల్లలకి?”

“పసుపు కూడానా! ఉల్లిపాయ, మసాలా వేసి కూర వండెయ్యి, పీడా పోద్ది.”

నాకు నవ్వు రాలేదు. పేపర్ టవల్స్ మీద పరిచి అద్దాను, ముక్కలకి చుట్టాను, పుల్లలు గుచ్చాను. ముప్ఫై అయ్యాయి. ఆరితే బాగుంటుందేమోనని ఫ్యాను కింద టేబుల్ మీద పెట్టాను. పండూ పసుపే, పొరా పసుపే. ఏది పండో ఏది మాంసమో దగ్గరికి వెళ్తే తప్ప తెలియదు.

ఒంటిగంటన్నరకి నా స్నేహితురాలు ఫోన్ చేసింది. ఆమెది వరంగల్ వైపు. నాకన్నా రెండేళ్ళు పెద్ద, అక్కా అని పిలుస్తాను. ఆఫీసులో ఏదో సిస్టమ్ ఆగిపోయిందట, అందరూ కాల్‌లో ఉన్నారట, భర్త ఊళ్ళో లేడు, అత్తగారిని కంటి డాక్టరు దగ్గర నుంచి తీసుకురావాలి. “ఒక్క గంట చూస్కో దీన్ని, నీ పుణ్యముంటది.” తీసుకురా అక్కా అన్నాను. ఆమె మాకు చేసేదాని ముందు ఇదెంత? నేను ల్యాబ్‌లో నాలుగింటిదాకా పనిచేస్తాను. ఆమె ఇంటి నుంచి పనిచేస్తుంది. రెండేళ్ళుగా వారంలో ఐదు రోజులూ నా పిల్లలిద్దర్నీ స్కూలు బస్సు దగ్గర దించుకుని, తన కూతురితో పాటు పాలు, పండ్లు పెట్టి కూర్చోబెట్టేది ఆమే.

వాళ్ళది గట్టి శాకాహారం. మొదట్లో పిల్లని మా ఇంటికి పంపడానికి వాళ్ళ అత్తగారు ఒప్పుకోలేదు. “వాళ్ళు కిరస్తానీలు, అన్నీ తింటరు” అందట. “వాళ్ళిల్లు మనింటికన్న శుభ్రం అత్తమ్మా, నేను చెప్తున్న కదా” అని ఈమె పూచీ పడిందట. ఏడాది తర్వాత నవ్వుతూ నాతో చెప్పింది. నేనూ నవ్వాను. కానీ ఆ రోజు నుంచి ఆ పిల్ల కోసం వేరే పళ్ళెం, వేరే గ్లాసు, వేరే గిన్నె కొన్నాను. ఆ పిల్ల వచ్చే రోజు సాయంత్రం దాకా మా ఇంట్లో మాంసం ఫ్రిజ్ దాటి బయటికి రాదు. ఎవరూ అడగని నియమం, నాకు నేనే పెట్టుకున్నాను. శనివారం ఆ పిల్ల రావటం అనుకోకుండా జరిగింది.

అక్క కారులోంచి దిగకుండానే పిల్లని దించి వెళ్ళిపోయింది. పళ్ళెం ఫ్రిజ్‌లో పెట్టాలని నాకు గుర్తుంది. గుర్తుండి కూడా, ముందు చేతులు కడుక్కుందామనుకున్నాను. పొద్దుటి నుంచీ ఎన్నిసార్లు కడిగినా పోని ఆ జిడ్డు చేతులతో ఫ్రిజ్ తలుపు పట్టుకోవాలంటే అసహ్యం వేసింది. సబ్బు పెట్టి తోమాను, వాసన చూసుకున్నాను, పోలేదు, మళ్ళీ తోమాను. ఎంతసేపు తోమానో తెలియదు. ఆ కాసేపట్లోనే నా కూతురు స్నేహితురాలిని టేబుల్ దగ్గరికి పిలిచి, అమ్మమ్మ పంపిన తాండ్ర అనుకుని, పండుకి చుట్టిన తాండ్ర అని చెప్పి, మర్యాదగా ముందు స్నేహితురాలికే పెట్టింది.

“ఉమ్మెయ్! ఉమ్మెయ్ నాన్నా!”

నేను అరిచిన అరుపుకి పిల్లలిద్దరూ బిగుసుకుపోయారు. ఆ పిల్ల నోటి కింద చెయ్యి పట్టాను. సగం నమిలిన ముద్ద నా అరచేతిలో వెచ్చగా పడింది. పసుపు చారలు, తెల్లటి కొవ్వు నార, పండు గుజ్జు, చొంగ. పళ్ళెంలో రెండు ఖాళీ పుల్లలున్నాయి. ఒకటి నా కూతురిది, ఒకటి ఆ పిల్లది. అంటే ఆ పిల్ల ఒకటి మొత్తం తిని రెండోది కొరుకుతోంది.

“వాట్ హ్యాపెన్డ్ ఆంటీ? పాడైందా?” అని అడిగింది.

“అవునమ్మా. పండు పాడైపోయింది.”

అంత తేలిగ్గా వచ్చింది అబద్ధం. ఆ పిల్లని బాత్రూమ్‌కి తీసుకెళ్ళి నీళ్ళు పుక్కిలింపజేశాను. నా వేలికి పేస్టు రాసుకుని తన చిగుళ్ళు, నాలుక, బుగ్గల లోపల రుద్దాను. ఊపిరాడక దగ్గింది. అద్దంలో చూశాను, ఒక చిన్నపిల్ల తల వెనక్కి పట్టుకుని నోట్లో వేలు పెట్టిన ఆడమనిషి. నా మీద నాకే రోత వేసింది. ఆ పిల్ల ఒకసారి మా ఇంట్లో చేపల తొట్టి బొమ్మ వేస్తూ, “మేము ఎవర్నీ తినం ఆంటీ” అంది. ‘దేన్నీ’ అనలేదు, ‘ఎవర్నీ’ అంది. నేను కడిగింది నోరే. ఆ మాటని ఏం చేయను?

పళ్ళెం మొత్తం సంచిలో దులిపి, ఆ సంచిని ఇంకో సంచిలో కట్టి, గరాజ్‌లో చెత్తబుట్టలో పడేశాను. అక్క తిరిగొచ్చేసరికి ఇల్లంతా నిమ్మ వాసన కొడుతోంది.

“మమ్మీ, ఆంటీ నా నోరంతా తోమేసింది!” అని ఆ పిల్ల పరిగెత్తింది.

“ఏం తిట్టినవే, నోరు కడిగించుకునేటంత?” అక్క పగలబడి నవ్వింది.

“పండు పాడైంది అక్కా. చూసుకోలేదు” అన్నాను. రెండోసారి.

“దానికేముంది, మా ఇంట్ల రోజూ ఏదో ఒకటి పాడైతనే ఉంటది.” నా భుజం తట్టి వెళ్ళిపోయింది. ఆ చెయ్యి తగిలిన చోట నాకు కందినట్టుంది.

నా కూతురూ తిన్నది కాబట్టి, మా పిల్లల డాక్టరు ఆఫీసులోని నర్సుకి ఫోన్ చేశాను. హామ్ అని చెప్పాను. ఉప్పులో ఊరినదేగా, అలాగే తింటారు, భయపడక్కర్లేదు అంది. నీళ్ళలో నానబెట్టాను, రెండు గంటలకు పైగా ఫ్యాను కింద ఉంచాను అని చెప్పాను. ఎందుకు నానబెట్టారు అని అడిగింది. శుభ్రం చేయడానికి అన్నాను. బహుశా ఏమీ కాదు, కానీ రెండు రోజులు జ్వరం, వాంతులు, విరేచనాలు గమనించండి అంది.

“ఇంకో పాప కూడా తింది” అన్నాను.

“ఆ పాపకి మీరే తల్లా?”

“కాదు.”

“అయితే వాళ్ళమ్మకి చెప్పండి. చూసుకోవాల్సింది ఆవిడ కదా.”

మా ఆయనకి చెప్పాను. ఆయన సోఫాలో నిటారుగా కూర్చున్నాడు. “చెప్పకు” అన్నాడు. “పిల్ల బాగానే ఉంది. చెప్తే ఏం ఒరుగుతుంది? వాళ్ళ అత్తగారు అన్న మాటే నిజమని మనమే చీటీ రాసిచ్చినట్టు. సోమవారం నుంచి పిల్లల్ని బస్సు దగ్గర ఎవరు దించుకుంటారు?”

“రాత్రి జ్వరమొస్తే? పాడైన పండు అనుకుని ఊరుకుంటే?”

“పాడైన పండు తిన్నా జ్వరమేగా చూస్తారు. ఏం తేడా?”

ఆయన ఒక చిప్స్ సంచీ పట్టుకుని, పిల్లల్ని తీసుకుని పాట్‌లక్‌కి వెళ్ళాడు. నేను తలనొప్పి అని వెళ్ళలేదు. గంట తర్వాత నవ్వుకుంటూ వచ్చాడు. నేను హామ్‌ని పసుపుతో స్నానం చేయించిన కథ అక్కడ చెప్పాడట. ఎదురింటి పెద్దావిడ కళ్ళలో నీళ్ళొచ్చేలా నవ్విందట. మిగతా సగం కథ చెప్పలేదు. “టెన్షన్ తగ్గిద్దామని చెప్పాలే” అన్నాడు. ఆయన చెడ్డవాడు కాదు. కానీ ఆ నిమిషంలో ఆయన నవ్వు కూడా నాకు ఆ గిన్నెలో తేలిన కొవ్వులా కనపడింది.

అప్పుడే నా కొడుకు చెప్పులు విడుస్తూ, “మామ్, అది హామ్ కదా? తను తిన్నది? ప్యాకెట్ నేను చూశాగా. పాడైందని ఎందుకు చెప్పావ్?” అన్నాడు.

నేను దొరికిన చెప్పుల్లో కాళ్ళు పెట్టి వాళ్ళింటికి నడిచాను. ఆరున్నరైంది, ఇంకా ఎండగానే ఉంది. అక్క గరాజ్ ముందు కరివేపాకు కుండీలకి నీళ్ళు పోస్తోంది.

“ఏమైంది? ముఖం అట్లున్నదేంది?”

“అక్కా, మధ్యాహ్నం పాప తిన్నది పాడైన పండు కాదు.”

“మరి?”

“పండు చుట్టూ హామ్ చుట్టాను, పార్టీ కోసం. పంది మాంసం. పసుపుతో కడిగితే పచ్చగా అయింది. మా పిల్ల తాండ్ర అనుకుని పెట్టింది.”

అక్క ముందు నవ్వింది. “జోకులెయ్యకు.” నేను నవ్వలేదు. చేతిలో పైపు కిందికి వాలి నీళ్ళు ఆమె పాదాల మీద పడుతున్నాయి.

“ఎంత తిన్నది?”

“ఒకటి మొత్తం. రెండోది సగం. అది ఉమ్మించాను.”

“ఉడికిచ్చినవా?”

“లేదు. ఉప్పులో ఊరబెట్టింది. అలాగే తింటారట. నర్సుతో మాట్లాడాను, బహుశా ఏమీ కాదంది. రెండు రోజులు జ్వరం, వాంతులు చూసుకోమంది.”

ఆమె పక్కకి తిరిగి పూలమొక్కల్లోకి తుపుక్కున ఉమ్మింది. నా మీద కాదు. పొద్దుటి నుంచీ నేను ఉమ్ముతున్న ఉమ్మే అది, నాకు తెలుసు. నోటికి చున్నీ అడ్డం పెట్టుకుని కాసేపు వంగి ఉండిపోయింది. పట్టుకోవడానికి ముందుకి వెళ్ళాను. చెయ్యి ఎత్తి ఆపింది.

“తిన్నది తిన్నది” అంది లేచి. “పిల్లలు. తెల్వదు. నీకు తెల్సు కదా? నేను నవ్వుకుంట నీ భుజం తట్టిన. అప్పుడు నిలబడి చూస్తివి. ఎట్ల చూసినవ్?”

“భయమేసింది అక్కా.”

“నాకు రేపట్నుంచి వెయ్యదా భయం? నా పిల్ల మీ ఇంట్ల నీళ్ళు తాగొచ్చినా వెయ్యదా?”

“అత్తమ్మగారికి కావాలంటే నేనే చెప్తాను.”

“నువ్వు గడప తొక్కకు ఇయ్యాల.” గొంతు పెద్దది చేయలేదు. అందుకే ఎక్కువ గుచ్చుకుంది. “సోమవారం బస్సు దగ్గర మీ పిల్లల్ని నేను దించుకోను. నీ ఏర్పాటు నువ్వు చేస్కో.”

సరే అన్నాను.

లోపలి నుంచి ఆ పిల్ల కిటికీ అద్దానికి ముక్కు ఆనించి నాకు చెయ్యి ఊపింది. నేనూ ఊపాను. అక్క అది చూసింది. కుళాయి కట్టేసి, పైపు చుడుతూ, నా వైపు చూడకుండా అంది: “దానికి నేనే చెప్త. ఎప్పుడు, ఎట్ల అన్నది ముందు నాకే తెల్వాలె. ఎవర్నీ తినమని స్కూల్ల అందరికీ చెప్పుకునే పిల్ల అది. నీ పిల్లల నోట్లకెళ్ళి వినొద్దు. గదొక్కటి చెయ్యి నాకు.”

ఇంటికొచ్చి గిన్నె, సింకు, జాలీ మరిగే నీళ్ళతో కడిగాను. నా కూతురి నుదురు పట్టుకుని చూశాను, చల్లగానే ఉంది. మా ఆయన ఏమైందని అడిగితే చెప్పాను. పిల్లల కోసం వారంలో రెండు రోజులు మధ్యాహ్నం తొందరగా వస్తానని మేనేజర్‌ని అడుగుతానన్నాడు. మిగిలిన మూడు రోజులకి నేను మా ల్యాబ్‌లో అడగాలి. పని గంటలు తగ్గితే తగ్గుతాయి.

ఈ ఆదివారం పొద్దున చర్చికి బయల్దేరే ముందు, పిల్లలు పాలూ సీరియల్ తింటుండగా వాళ్ళెదురుగా కూర్చున్నాను. రాత్రంతా కూర్చుకున్న మాటలేవీ గుర్తు రాలేదు. ఉన్నది ఉన్నట్టు చెప్పాను. నిన్న చెల్లీ, తన ఫ్రెండూ తిన్నది పాడైన పండు కాదు, మాంసం. అది ఆ పిల్ల వస్తోందని తెలిసి కూడా టేబుల్ మీద వదిలేసింది నేను. పాడైందని ఆ పిల్లకి ఒకసారి, వాళ్ళమ్మకి ఒకసారి అబద్ధం చెప్పాను. సాయంత్రం వెళ్ళి వాళ్ళమ్మకి నిజం చెప్పాను. ఆ పిల్లకి ఇంకా తెలియదు, వాళ్ళమ్మ చెప్తుంది.

“బస్‌లో అడిగితే? లై చెప్పాలా?” అన్నాడు నా కొడుకు.

“వద్దు. లై చెప్పొద్దు, నిజమూ చెప్పొద్దు. ‘మీ అమ్మని అడుగు’ అను. అంతే. ఎన్నిసార్లు అడిగినా అంతే.”

నా కూతురు చెంచా పాలలో తిప్పింది. “నేనే ఇచ్చాను మమ్మీ. తను ఇంక నాతో ఆడదా?”

“నువ్వు నీకిష్టమైనదనుకుని ముందు నీ ఫ్రెండ్‌కి పెట్టావు. అందులో నీ తప్పు లేదు. ఆడుతుందో లేదో నాకు తెలీదమ్మా. వాళ్ళమ్మకి నా మీద చాలా కోపంగా ఉంది, ఆ కోపం సరైనదే. రేపు బస్సు దిగేటప్పటికి అక్కడ ఆంటీ ఉండదు. నేను ఉంటాను. ఎన్ని రోజులో కూడా తెలీదు. ఆ పిల్ల మీ వెనకే దిగుతుంది కదా, ఎప్పటిలాగే బై చెప్పండి. తిరిగి చెప్పకపోయినా చెప్పండి.”